పెరటి కొలనులో నీరు ఎన్ని లీటర్లో కచ్చితంగా తేల్చడం ఎలా?

పెన్నాతీరం (నెల్లూరు), శనివారం ఉదయం

అందరికీ నమస్కారం. నిరుడు సంక్రాంతి వెళ్లాక మా పెరట్లో ఒక చిన్న కొలను తవ్వించి, నల్ల షీటు పరిచి, అంచు వెంట చీమకుర్తి రాతి ముక్కలు పేర్చుకున్నాం. ఆకారం జీడిపప్పు పలుకులా నడుమ నొక్కుకుపోయి ఉంటుంది. పొడవు 18 అడుగులు, బాగా వెడల్పున్న చోట 9 అడుగులు, నట్టనడుమ లోతు 4 అడుగులు. అందులో ఆరు తామర తొట్లు, పద్నాలుగు కోయి కార్ప్ చేపలు ఉండేవి.

పోయిన నెల చేపల ఒంటి మీద పేలు పడ్డాయని పొటాషియం పర్మాంగనేట్ వేయవలసి వచ్చింది. వెయ్యి లీటర్లకు రెండు గ్రాముల చొప్పున వేయమని చెప్పారు. నేను 18ని 9తో, ఆపైన 4తో గుణించి 648 ఘనపుటడుగులని తేల్చి, ఘనపుటడుగుకు 28.3 లీటర్ల లెక్కన 18,300 లీటర్లుగా తీసుకుని, 36 గ్రాములు నీళ్లలో కలిపి పోశాను. తెల్లారేసరికి పదకొండు చేపలు పైకి తేలి ఉన్నాయి. తప్పు మందుది కాదని, నా లెక్కదేనని ఇప్పుడు అనుమానం బలపడింది. మా తాపీమేస్త్రి పదివేల లీటర్లంటున్నాడు, మా అబ్బాయి ఫోనులో ఏదో లెక్క వేసి పదిహేను వేలంటున్నాడు. మిగిలిన మూడు చేపలకు మళ్లీ మందు వేసేలోపు ఈ కొలనులో నిజంగా ఉన్న నీరెంతో తెలుసుకోవాలని ఉంది. దయచేసి దారి చూపండి.

లెక్కల పంతులమ్మ (కావలి), శనివారం ఉదయం

చేపలు పోయినందుకు బాధగా ఉందండీ. మీరు వేసిన గుణకారం ఇటుక పేర్చినట్టు నాలుగు గోడలూ నిటారుగా ఉండి, అడుగు చదునుగా ఉన్న తొట్టికి మాత్రమే సరిపోతుంది. మీ కొలను మూలలు గుండ్రం, నడుము సన్నం, గోడలు ఏటవాలు. ఈ మూడింటిలో ప్రతిదీ నీటిని తగ్గించేదే కాని పెంచేది ఒక్కటీ లేదు. కాబట్టి మీ అంకె తప్పకుండా ఎక్కువే అయి ఉంటుంది.

ముందుగా పైభాగపు వైశాల్యం తేల్చుకుందాం. కొలను పొడవునా సూటిగా ఒక తాడు కట్టి, దాని మీద ప్రతి మూడు అడుగులకు ఒక గుర్తు పెట్టండి. ఒక్కొక్క గుర్తు దగ్గర తాడుకు అడ్డంగా, మూలమట్టం తప్పకుండా, ఈ ఒడ్డు నుంచి ఆ ఒడ్డుకు టేపు పట్టి వెడల్పు రాసుకోండి. 18 అడుగులకు ఆరు భాగాలవుతాయి, ఏడు వెడల్పులు వస్తాయి, రెండు కొసల్లోనూ వెడల్పు సున్నా అన్నమాట. ఆ ఏడు అంకెలు ఇక్కడ పెట్టండి, మిగతాది నేను చేసి చూపిస్తాను. స్థలం కొలతను అంకణాల్లో చెప్పడం మన జిల్లా అలవాటే అయినా ఈ పనికి అది వద్దు, అంకణం ఊరికో లెక్కన ఉంటుంది. అడుగుల్లోనే ఉంచండి.

గుండ్లకమ్మ (ఒంగోలు), శనివారం మధ్యాహ్నం

ఇంత కొలత ఎందుకండీ, నీళ్లు తోడేసి మళ్లీ నింపుకునే వీలుంటే మోటారే చెబుతుంది. రెండు వందల లీటర్ల డ్రమ్ము మోటారు గొట్టం కింద పెట్టి ఎంతసేపట్లో నిండుతుందో చూడండి. మా ఇంట్లో నాలుగు నిమిషాల పది సెకన్లు పట్టింది, అంటే నిమిషానికి 48 లీటర్లు. ఆ తరువాత కొలను నిండడానికి పట్టిన నిమిషాలను 48తో గుణిస్తే సరిపోయింది.

ఒక్క జాగ్రత్త మాత్రం తప్పదు. మా బోరులో మొదటి అరగంట నీరు జోరుగా వస్తుంది, మట్టం దిగేకొద్దీ ధార సన్నబడుతుంది. కరెంటు వోల్టేజి తగ్గినా అంతే. అందువల్ల డ్రమ్ము పరీక్ష మొదట్లో ఒకసారి, మధ్యలో ఒకసారి, చివర ఒకసారి చేసి సగటు తీయాలి. మొదటి అంకెనే నమ్ముకుంటే కొలనులో లేని నీళ్లను ఉన్నట్టు రాసుకుంటాం.

పెన్నాతీరం (నెల్లూరు), ఆదివారం ఉదయం

పంతులమ్మగారూ, కొలిచాను. వరుసగా 0, 7, 9, 6.5, 8, 7, 0 అడుగులు వచ్చాయి. ఇంకొక విషయం నిన్న చెప్పలేదు. అంచు నుంచి ఒక అడుగు కిందికి దిగాక చుట్టూరా పది అంగుళాల వెడల్పు మెట్టు ఉంది. తామర తొట్లు దాని మీదే నిలబెట్టాం. మెట్టు దాటాక గోడ ఏటవాలుగా కొలను అడుగుకు దిగుతుంది.

గుండ్లకమ్మగారూ, మా వీధిలో ఎండాకాలపు నీటి పరిస్థితికి మొత్తం తోడిపోయడం కష్టమేనండీ. అయినా అడుగున పాచి, చెత్త చాలా చేరాయి కనుక ఒకసారి ఖాళీ చేసి నింపక తప్పదేమో అనిపిస్తోంది.

లెక్కల పంతులమ్మ (కావలి), ఆదివారం ఉదయం

ఈ ఏడు వెడల్పులకు సింప్సన్ సూత్రం చక్కగా పనికివస్తుంది. రెండు కొసలనూ ఒక్కొక్కసారి తీసుకోవాలి, రెండో, నాలుగో, ఆరో వెడల్పులను నాలుగింతలు చేయాలి, మూడో, ఐదో వెడల్పులను రెండింతలు చేయాలి, మొత్తాన్ని గుర్తుల మధ్య దూరంలో మూడో వంతుతో గుణించాలి. మీ గుర్తుల మధ్య దూరం 3 అడుగులు కాబట్టి మూడో వంతు సరిగ్గా ఒకటి అవుతుంది. 7, 6.5, 7 కలిపితే 20.5, దానికి నాలుగింతలు 82. 9, 8 కలిపితే 17, దానికి రెండింతలు 34. మొత్తం 116 చదరపుటడుగులు. మీరు అనుకున్న 18 తొమ్మిదుల 162 కాదు.

ఏడు వెడల్పులను ఊరికే కూడి మూడుతో గుణిస్తే 112.5 వస్తుంది. కొసల్లో ఒడ్డు బయటికి ఉబ్బి ఉంటుంది కాబట్టి వెడల్పుల కొసలను తిన్నని గీతలతో కలిపినట్టు చేసే ఈ లెక్క ఆ ఉబ్బును వదిలేస్తుంది, అందుకే అది కొంచెం తక్కువ చెబుతుంది. సూత్రం మీద నమ్మకం కుదరకపోతే గ్రాఫు కాగితం మీద అడుగుకు ఒక గడి చొప్పున కొలనును గీసి గడులు లెక్కపెట్టండి. నా తరగతిలో పిల్లల చేత మొదట ఆ పనే చేయిస్తాను, అంకె చేతికి తగిలినట్టు ఉంటుంది.

ఇక లోతు సంగతి. మెట్టు, ఏటవాలు గోడ ఉన్నాయంటున్నారు కాబట్టి సగటు లోతు ఊహించి గుణించడం నాకు ఇష్టం లేదు. ఈ వేదికలో నీటిపారుదలలో పనిచేసినవారు ఎవరైనా ఉంటే వారు చెబితేనే బాగుంటుంది.

కాలువగట్టు (నెల్లూరు), ఆదివారం సాయంత్రం

నేను ఆ శాఖలో ముప్పై ఏళ్లు పనిచేసి విశ్రాంతి తీసుకుంటున్నాను. పంతులమ్మగారు ఆపిన చోటు నుంచి అందుకుంటాను.

సోమశిల జలాశయానికి 78 టీఎంసీలు, కండలేరుకు 68 టీఎంసీలు అని పత్రికల్లో చదువుతుంటాం కదా, ఆ అంకెలు పొడవును వెడల్పుతో, లోతుతో గుణించి తెచ్చినవి కావు. ఏ మట్టం దగ్గర నీరు ఎంత మేర పరచుకుంటుందో ఒక్కొక్క మట్టానికి వైశాల్యం కట్టి, ఒక మట్టానికీ దాని పై మట్టానికీ మధ్య పొరలో ఉన్న నీటిని లెక్కించి, పొరలన్నీ కూడి తెచ్చినవి. ఒక టీఎంసీ అంటే వంద కోట్ల ఘనపుటడుగులు. మీది మూడు వందల ఘనపుటడుగులకు మించని కొలను. పరిమాణంలో ఎంత తేడా ఉన్నా చేసే పని ఒక్కటే.

మీరు ఎలాగూ ఖాళీ చేసి నింపుతానంటున్నారు కాబట్టి ఇంతకన్నా మంచి అవకాశం దొరకదు. అడుగున చెత్త తీశాక మోటారు వేయండి. నీరు అడుగును కప్పగానే ఆపి, నీటి అంచు వెంట తాడు పట్టి పంతులమ్మగారు చెప్పినట్టే వెడల్పులు కొలవండి. ఆ తరువాత అడుగున్నర లోతు నిండాక మరోసారి, మెట్టు కిందికి వచ్చాక ఒకసారి, మెట్టు మునిగిన వెంటనే ఇంకోసారి, చివరికి పైన ఒకసారి. నీటి ఉపరితలానికి మించిన మట్టపు పలక లేదు. మనం టేపు పట్టి ఏటవాలు గోడ మీద మట్టం వెతుక్కోవలసిన పని లేకుండా నీరే గీత గీసి చూపిస్తుంది.

ఇంకొక మాట. అంచు అంతా ఒకే మట్టంలో ఉందో లేదో ముందే చూసుకోండి. తాపీమేస్త్రుల దగ్గర ఉండే సన్నని పారదర్శక గొట్టంలో నీళ్లు నింపి, ఒక కొస ఈ ఒడ్డునా, రెండో కొస ఆ ఒడ్డునా పట్టుకుంటే రెండు వైపులా నీరు ఒకే ఎత్తున నిలుస్తుంది. నేను చూసిన పెరటి కొలనుల్లో చాలా వాటికి ఒక వైపు అంచు అంగుళమో, ఒకటిన్నర అంగుళమో పల్లంగా ఉంటుంది. నీరు ఆ పల్లం దాటి పైకి ఎక్కదు కాబట్టి లోతును ఎత్తైన ఒడ్డు నుంచి కాకుండా పల్లపు ఒడ్డు నుంచి కొలవాలి.

పెన్నాతీరం (నెల్లూరు), బుధవారం రాత్రి

కాలువగట్టుగారూ, మీరు చెప్పినట్టే చేశాం. పొద్దున ఐదింటికి మొదలుపెడితే మధ్యాహ్నం దాకా పట్టింది. నేను ఒక ఒడ్డున, మా అబ్బాయి ఎదుటి ఒడ్డున కూర్చుని టేపు పట్టాం, మా ఆవిడ పలక మీద అంకెలు రాసింది. మోటారు ఆపిన ప్రతిసారీ అలలు సద్దుమణిగేదాకా ఆగి, నల్ల షీటు మీద తడి అంచు పక్కన సుద్దముక్కతో గీత పెట్టుకున్నాం. మెట్టు మునిగే క్షణం చూడవలసిందే. అప్పటిదాకా నిదానంగా పైకి ఎక్కుతున్న నీరు మెట్టు మీదికి రాగానే ఒక్కసారిగా చుట్టూ పాకి, ఆ తరువాత చాలాసేపు ఎత్తు పెరగనే లేదు. అక్కడ నీరెంత మింగుతుందో కళ్లారా చూశాక నా పాత గుణకారం ఎంత తప్పో అర్థమయింది.

వైశాల్యాలు ఇలా వచ్చాయి. అడుగున 30 చదరపుటడుగులు, అడుగు నుంచి ఒకటిన్నర అడుగు పైన 50, మూడు అడుగుల పైన మెట్టుకు సరిగ్గా దిగువన 74, మెట్టు మునిగాక 108, అంచు దగ్గర 116. అంచు మట్టం గొట్టంతో చూశాం. ఉత్తరపు వైపు అర అంగుళం మాత్రమే పల్లం ఉంది. మేము నీరు ఎప్పుడూ అంచుకు మూడు అంగుళాలు దిగువనే ఉంచుతాం, చేపలు ఎగిరి బయట పడకుండా.

కాలువగట్టు (నెల్లూరు), గురువారం ఉదయం

చాలా శ్రద్ధగా చేశారు. మెట్టుకు కింద ఉన్న మూడు అడుగులను ఒక ముక్కగా, మెట్టుకు పైన ఉన్న ఒక అడుగును ఇంకో ముక్కగా విడదీయండి, ఎందుకంటే వైశాల్యం ఒక్క ఉదుటున 74 నుంచి 108కి దూకే చోట ఏ సూత్రమూ పనిచేయదు.

కింది ముక్కకు అడుగు వైశాల్యం 30, దానికి నడిమి వైశాల్యం 50కి నాలుగింతలు 200, పై వైశాల్యం 74 కలిపితే 304. దాన్ని లోతు మూడుతో గుణించి ఆరుతో భాగిస్తే 152 ఘనపుటడుగులు. పై ముక్కకు 108, 116ల సగటు 112, లోతు ఒక అడుగు కాబట్టి 112 ఘనపుటడుగులు. రెండూ కలిపి 264. ఘనపుటడుగుకు 28.3 లీటర్ల లెక్కన 7,471 లీటర్లు.

ఇది గుంత పట్టే నీరు. మీ కొలనులో ఉన్న నీరు ఇంకా తక్కువ. అంచుకు మూడు అంగుళాలు, అంటే పావు అడుగు వెలితి ఉంచుతారు కాబట్టి ఆ పొర సగటు వైశాల్యం 115లో పావు వంతు, 28.75 ఘనపుటడుగులు, దాదాపు 813 లీటర్లు తీసేయాలి. నీటిలో మునిగి ఉన్న రాళ్లు, తొట్లు ఎన్నో కూడా చెప్పండి.

చీమకుర్తి కొండ (చీమకుర్తి), గురువారం మధ్యాహ్నం

రాళ్ల సంగతి నేను చెబుతాను. మా చీమకుర్తి నల్లరాయి బాగా బరువు. లీటరు చోటు ఆక్రమించే ముక్క మూడు కిలోలకు కాస్త అటూఇటూగా తూగుతుంది. మామూలు గ్రానైటు అయితే రెండు కిలోల ఏడు వందల గ్రాములు. మునిగి ఉన్న రాళ్ల బరువు తెలిస్తే మూడుతో భాగించండి, అవి తోసేసిన నీళ్లు లీటర్లలో వస్తాయి. బరువు తెలియకపోతే డ్రమ్మును అంచు దాకా నింపి, రాయిని నిదానంగా ముంచి, పొర్లిన నీటిని కింద పళ్లెంలో పట్టి కొలిస్తే ఇంకా కచ్చితంగా ఉంటుంది. గులకరాళ్లు పరిచినవారు మాత్రం ఆ పొర మొత్తాన్నీ తీసేయకూడదు. రాయికీ రాయికీ నడుమ సందుల్లో దాదాపు ఐదింట రెండు వంతులు నీరే ఉంటుంది.

పెన్నాతీరం (నెల్లూరు), గురువారం సాయంత్రం

మెట్టు మీద ఆనించిన రాళ్లు తూకం వేసి తెచ్చినవే, మునిగినవి దాదాపు 300 కిలోలు. అంటే వంద లీటర్లు. తామర తొట్లు ఆరు, ఒక్కొక్కటి బంకమట్టితో నిండి 25 లీటర్ల చోటు పడుతుంది, మొత్తం 150 లీటర్లు. 7,471లో 813, 100, 150 తీసేస్తే 6,408 లీటర్లు మిగిలాయి.

ఈ అంకె చూసి చాలాసేపు కూర్చుండిపోయాను. 18,300 అనుకుని వేసిన 36 గ్రాముల మందు నిజానికి 6,400 లీటర్లలో కలిసింది. వెయ్యి లీటర్లకు రెండు గ్రాములు పడవలసిన చోట ఐదున్నర గ్రాములకు పైగా పడింది.

రొయ్యల చెరువు (ఇందుకూరుపేట), గురువారం రాత్రి

మేము చెరువులో మందు వేసేటప్పుడు ఎకరాకు మీటరు లోతు అంటే నలభై లక్షల లీటర్ల పైచిలుకు అన్న లెక్క నోటికి వచ్చి ఉండాలి, తప్పితే పంట మొత్తం పోతుంది. చిన్న కొలనులకైతే సెంటుకు అడుగు లోతున 12,335 లీటర్లు అని గుర్తుపెట్టుకోండి. మీ కొలను పైభాగం పావు సెంటుకు కొద్దిగా ఎక్కువ, సగటు లోతు రెండు అడుగుల పైన. ఆ లెక్కన చూసినా ఏడువేల దరిదాపుల్లోనే వస్తుంది, కాబట్టి మీ అంకె సరైన దారిలోనే ఉంది.

టేపుతో సంబంధం లేకుండా సరిచూసుకునే పద్ధతి ఒకటి ఉంది, అది ఉప్పు పద్ధతి. ముందుగా మీ కొలను నీటికి టీడీఎస్ మీటరుతో (నీటిలో కరిగిన లవణాలను చూపేది) రీడింగు తీయండి. అదే నీరు పది లీటర్లు బకెట్టులో పట్టి, సరిగ్గా ఐదు గ్రాముల ఉప్పు కరిగించి మళ్లీ రీడింగు తీయండి. ఎంత పెరిగిందో రాసుకోండి. లీటరుకు అర గ్రాము ఉప్పు మీ మీటరుకు ఎంత పెరుగుదలగా కనిపిస్తుందో ఇప్పుడు మీకు తెలిసినట్టు. ఆ తరువాత మూడు కిలోల ఉప్పు కొలను నీటిలోనే ఒక తొట్టిలో కరిగించి, చుట్టూరా పోసి, పంపు రాత్రంతా నడిపి, పొద్దున మూడు నాలుగు చోట్ల, పైనా అడుగునా నీరు పట్టి చూడండి. బకెట్టులో వచ్చిన పెరుగుదలతో కొలనులో వచ్చిన పెరుగుదలను పోల్చితే నీరు ఎంతో తేలిపోతుంది. ఈ మోతాదు ఉప్పు చేపలకు ఇబ్బంది కాదు.

బకెట్టు పరీక్ష మానేసి మీటరు అంకెను నేరుగా నమ్మకండి. ఈ మీటర్లు నీటిలో కరెంటు పారే తీరును చూసి, ఒక గుణకంతో గుణించి చూపిస్తాయి. ఆ గుణకం కంపెనీని బట్టి మారుతుంది. మన తీరపు బోరు నీటిలో ముందే ఉప్పదనం ఉంటుంది కాబట్టి తేడా ఇంకా పెరుగుతుంది. బకెట్టులోనూ కొలనులోనూ ఒకే మూట ఉప్పు వాడండి. గళ్ల ఉప్పులో తేమ ఉంటుంది, తూకంలో కొంత నీరే. రెండు చోట్లా అదే ఉప్పు అయితే ఆ లోపం రెండు వైపులా సమానంగా పడి కొట్టివేయబడుతుంది. పరీక్ష ముగిసేదాకా కొత్త నీరు పోయకండి, వాన పడేలా ఉంటే వాయిదా వేయండి.

తామరతొట్టి (సింగరాయకొండ), శుక్రవారం ఉదయం

నాదొక చిన్న సందేహం. నేను కొన్న పంపు పెట్టె మీద సామర్థ్యం గ్యాలన్లలో రాసి ఉంది. 6,400 లీటర్లు ఎన్ని గ్యాలన్లు?

లెక్కల పంతులమ్మ (కావలి), శుక్రవారం ఉదయం

ఏ గ్యాలనో చూసుకోవాలండీ. బ్రిటిషు గ్యాలను 4.546 లీటర్లు, అమెరికా గ్యాలను 3.785 లీటర్లు. 6,400 లీటర్లు మొదటి లెక్కన 1,408 గ్యాలన్లు, రెండో లెక్కన 1,691. పెట్టె మీద అది ఏ దేశపు కొలతో రాసి లేకపోతే లీటర్ల అంకె ఉన్న పంపే కొనుక్కోండి.

పెన్నాతీరం (నెల్లూరు), ఆదివారం ఉదయం

ఉప్పు పరీక్ష అయింది. మీటరు పదేసి మెట్లలో చూపిస్తుంది. కొలను నీరు 1,240. బకెట్టులో ఐదు గ్రాములు కరిగాక 1,730, అంటే 490 పెరిగింది. శుక్రవారం రాత్రి మూడు కిలోలు కలిపి, శనివారం పొద్దున నాలుగు చోట్ల చూస్తే మూడు చోట్ల 1,710, తామర తొట్ల వెనక ఒక మూల మాత్రం 1,650 వచ్చింది. అక్కడ నీరు కదలడం లేదని పంపు గొట్టం అటు తిప్పి ఇంకో రాత్రి నడిపాం. ఈ పొద్దున అన్ని చోట్లా 1,710. పెరుగుదల 470. 490కి అర గ్రాము అయితే 470కి లీటరుకు 0.48 గ్రాములు. మూడు వేల గ్రాములను దానితో భాగిస్తే 6,250 లీటర్లు.

టేపు 6,400 చెప్పింది, ఉప్పు 6,250 చెప్పింది.

కాలువగట్టు (నెల్లూరు), ఆదివారం మధ్యాహ్నం

మీటరు పదేసి మెట్లలో చూపిస్తున్నప్పుడు 470లో పది అటూఇటూ అయితేనే నూటికి రెండు తేడా వస్తుంది. టేపు కొలతలో షీటు ముడతలు, రాళ్ల మధ్య సందులు ఉండనే ఉన్నాయి. రెండు వేర్వేరు దారుల్లో వచ్చిన అంకెలు ఇంత దగ్గరగా కలిస్తే ఇక సందేహించనక్కరలేదు. 6,300 అని రాసుకోండి.

అయితే అది ఈ మట్టానికి మాత్రమే వర్తిస్తుంది. నీటి ఉపరితలం 114 చదరపుటడుగులు కాబట్టి అంగుళం దిగితే తొమ్మిదిన్నర ఘనపుటడుగులు, దాదాపు 270 లీటర్లు తగ్గుతాయి. మన ఎండలకు వారంలో అంగుళాలకు అంగుళాలు ఆవిరైపోతాయి. మందు వేసే రోజున మట్టం చూసుకుని వేయండి. మట్టం దిగడం ఆవిరి వల్లనా, షీటు కారడం వల్లనా అని అనుమానం వస్తే ఒక బకెట్టులో నీళ్లు పోసి మెట్టు మీద సగం మునిగేలా నిలబెట్టి, రెండు రోజుల తరువాత బకెట్టులో ఎంత దిగిందో, కొలనులో ఎంత దిగిందో పోల్చండి. కొలనులో ఎక్కువ దిగితే ఎక్కడో చిల్లు ఉన్నట్టే.

పెన్నాతీరం (నెల్లూరు), వారం గడిచాక సోమవారం సాయంత్రం

మెట్టు మీద ఉత్తరపు మూలన ఒక చీమకుర్తి పలక నిలబెట్టి, మామూలు మట్టం దగ్గర తెల్ల రంగుతో గీత గీసి పక్కన 6,300 అని రాశాను. దాని కింద అంగుళానికి ఒక గీత చొప్పున 6,030, 5,760, 5,490 అని దించుకుంటూ వచ్చాను. ఈ సాయంత్రం నీరు రెండో గీత దగ్గర, 5,760 దగ్గర ఉంది. పదకొండున్నర గ్రాములు తూచి, బకెట్టు నీటిలో పూర్తిగా కరిగించి, పంపు నీరు పడే చోట నిదానంగా పోశాను. మూడు చేపలూ అడుగున కాసేపు దాక్కుని, దీపాలు పెట్టే వేళకు పైకి వచ్చి మేత తిన్నాయి.